మంచం పట్టిన మనిషిని వాకిట్లోకి తీసుకురండి

(ఆస్పత్రి వరండాలో రోగుల బంధువులతో ఒక సిస్టరు చేసిన ప్రసంగం)



మీరంతా లోపల మనిషిని పెట్టుకుని, చేతిలో క్యారియరు పట్టుకుని, డాక్టరు గారు రౌండ్సుకు ఎప్పుడొస్తారా అని చూస్తున్నవాళ్ళు. ఇట్లాంటప్పుడు ప్రసంగం వినే ఓపిక ఎవరికీ ఉండదని నాకు తెలుసు. అయినా ఒక అరగంట నాకివ్వండి. మందులు, ఇంజెక్షన్లు, సెలైన్ల సంగతి మేము చూసుకుంటాము. ఈరోజు నేను చెప్పేది మీరు ఇంటికి పోయిన తరువాత మీ చేతులతో మీరే చేయవలసిన పని. అది మీ మనిషిని ప్రతిరోజూ కొంతసేపు ఇంటి బయటికి, వెలుతురులోకి, గాలిలోకి తీసుకురావడం. ఇది కూడా వైద్యమేనా అని మీలో కొందరు అనుకోవచ్చు. నేను కూడా ఒకప్పుడు అట్లాగే అనుకున్నాను. దానివల్ల ఏమి జరిగిందో ముందు చెప్తాను.

నేను నర్సింగ్ కోర్సు ముగించి ఉద్యోగంలో చేరిన కొత్తల్లో, పక్షవాతం వచ్చిన ఒక అమ్మను చూశాను. యాభై అయిదేళ్ళుంటాయి. ఎడమ చెయ్యి, ఎడమ కాలు పడిపోయాయి. మాట మాత్రం వస్తుంది. డిశ్చార్జి రోజున ఆమె కోడలు నన్ను అడిగింది, "సిస్టరమ్మా, ఇంటికాడ ఎట్లా చూసుకోవాలా?" అని. నేను తొందరలో ఉన్నాను. "బాగా రెస్టు ఇవ్వండి, ఊరికే కదిలించొద్దు, మాత్రలు తప్పకుండా వెయ్యండి" అని చెప్పి పోయాను. ఆ కోడలు నా మాటను దేవుడి మాటలాగా పట్టుకుంది.

నాలుగు నెలల తరువాత ఆ ఊరిలో మెడికల్ క్యాంపు జరిగితే వాళ్ళింటికి వెళ్ళాను. ఆమెను లోపలి గదిలో పడుకోబెట్టారు. కిటికీ లేదు. పక్కనే పొయ్యి, గది నిండా పొగ. మంచం మీద దుప్పటి ఉతికి శుభ్రంగా ఉంది, తల దువ్వి ఉంది, మాత్రల కవరు తలకింద ఉంది. కోడలు ఏ లోటూ చేయలేదు. కానీ ఆమె మోకాళ్ళు ముడుచుకుని బిగుసుకుపోయాయి. నడుము కింద పుండు ఎముక దాకా పోయింది. నన్ను చూసి ఆమె అడిగిన మొదటి మాట, బయట వానలు పడినాయా అని. వాళ్ళ వాకిలి ఆమె మంచానికి పది అడుగుల దూరంలో ఉంది. ఆ పది అడుగులు నాలుగు నెలల్లో ఒక్కసారి కూడా ఎవరూ దాటించలేదు. ఎందుకంటే, సిస్టరమ్మ వద్దన్నది.

ఆ తప్పు నాది. రెస్టు అంటే కొన్నాళ్ళు బరువు పనులు చేయించకండి అని అర్థం. మనిషిని చీకట్లో పెట్టమని కాదు. ఆ ఒక్క మాట విడమరిచి చెప్పడానికి అయిదు నిమిషాలు పట్టేది. అందుకే ఇప్పుడు మిమ్మల్ని కూర్చోబెట్టి అరగంట చెప్తున్నాను.

మంచం మీదే ఉంచితే ఏమవుతుందో తెలుసుకోండి. కదలని కండరం రోజురోజుకూ కరిగిపోతుంది. కదలని కీలు బిగుసుకుంటుంది. ఒకే చోట బరువు పడితే అక్కడికి రక్తం పోక చర్మం చచ్చి పుండు పడుతుంది, అందుకే రెండు గంటలకొకసారి పక్క మార్చమని చెప్తాము. ఎప్పుడూ వెల్లకిలా పడుకున్న మనిషికి ఊపిరితిత్తుల అడుగున నెమ్ము చేరుతుంది. కాళ్ళలో రక్తం గడ్డకట్టవచ్చు. మలబద్ధకం సరేసరి. వీటన్నిటికీ మందులున్నాయి గానీ, మనిషిని కూర్చోబెట్టి, కదిలించి, బయటికి తేవడం వీటిలో చాలావాటిని రాకుండా ఆపుతుంది.

ఇంకొక సంగతి మీకు బాగా తెలిసే ఉంటుంది. "పగలంతా నిద్రపోతాడు సిస్టరు గారూ, రాత్రయితే అరుపులు, మేమెవరం కన్ను మూయడం లేదు" అని చాలామంది నాతో చెప్తారు. చీకటి గదిలో ఉన్న మనిషికి ఏది పగలో ఏది రాత్రో శరీరానికి తెలియదు. పొద్దున పూట కళ్ళకు వెలుతురు తగిలితే శరీరంలోని గడియారం సరిపడుతుంది. నిద్రమాత్ర అడిగే ముందు వారం రోజులు పొద్దున్నే ఒక గంట వసారాలో కూర్చోబెట్టి చూడండి. అందరికీ పనిచేస్తుందని చెప్పను. చాలామందికి పనిచేయడం నేను చూశాను.

గాలి, వెలుతురు వైద్యంలో భాగమని చెప్పింది నేను కాదు. నర్సులందరికీ తల్లిలాంటి ఫ్లోరెన్స్ నైటింగేల్ 1859లో నర్సింగ్ మీద రాసిన పుస్తకంలో, రోగికి మంచి గాలి తరువాత అంత అవసరమైనది వెలుతురేనని వివరించింది. మన తెలుగు నేల మీదనే దీనికి ఒక పెద్ద సాక్ష్యం ఉంది. మదనపల్లె దగ్గర ఆరోగ్యవరం. క్షయరోగుల కోసం అనేక మిషన్లు కలిసి 1912లో పని మొదలుపెట్టి, 1915 నుంచి ఆరోగ్యవరంలో నడిపిన శానిటోరియం అది. డెన్మార్కు నుంచి వచ్చిన డాక్టరు ఫ్రిమోట్ మోలర్ గారు దానికి మొదటి పెద్ద డాక్టరు. అప్పటికి టీబీకి మందు లేదు. స్ట్రెప్టోమైసిన్ కనుగొన్నదే 1943లో. ఆ రోజుల్లో శానిటోరియంలలో ఇచ్చిన వైద్యం మంచి తిండి, విశ్రాంతి, తెరిచిన వరండాల్లో గాలి. జ్వరం తగ్గిన తరువాత ఈరోజు ఇంత దూరం, వచ్చే వారం ఇంకొంచెం దూరం అని కొలిచి నడిపించేవారు. మాత్రలకు మోతాదు ఉన్నట్టే నడకకూ మోతాదు ఉండేది.

ఇది విని, గాలి చాలు మందు వద్దు అనుకోవద్దు. గాలితో టీబీ నయం కాదు. 1956లో మద్రాసులో ప్రారంభించిన పరిశోధనలో కొందరు రోగులకు శానిటోరియంలో, కొందరికి ఇంటి దగ్గర అవే మందులిచ్చి చూశారు. ఇంటి దగ్గరివాళ్ళు కూడా దాదాపు అంత బాగానే కోలుకున్నారు. నయం చేసేది మందేనని దానితో తేలింది. అప్పటినుంచి వైద్యం ఇంటికి వచ్చేసింది. అది మంచిదే. కానీ శానిటోరియంలో ఉన్న ఆ వరండా మాత్రం ఇంటికి రాలేదు. మందుల కవరు ఇచ్చి పంపిస్తున్నాము, వరండా సంగతి చెప్పడం మరిచిపోయాము.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2020లో ఇచ్చిన సూచనల్లో పెద్దవాళ్ళు వారానికి కనీసం 150 నిమిషాలు ఒక మాదిరి శ్రమ చేయాలని ఉంది. అంటే రోజుకు ఇరవై రెండు నిమిషాలు. అందులో వికలాంగులకు కూడా మొదటిసారి విడిగా సూచనలు ఇచ్చారు. వాళ్ళకు కూడా కదలిక మంచిదేనని, అంత చేయలేనివాళ్ళు చేయగలిగినంత చేసినా మేలేనని చెప్పారు. నడవలేని మనిషి కుర్చీలో కూర్చుని, ఉన్న చేతితో వేరుశెనక్కాయలు ఒలిచినా అది కదలికే. మా దగ్గరికి వచ్చే ఒక తాత రోజూ వేపచెట్టు కింద కూర్చుని నులక పేనుతాడు. ఫిజియోథెరపీకి ఏమీ తీసిపోదు.

మన దోర్నాల సంగతి చూడండి. శివరాత్రి వచ్చిందంటే శ్రీశైలానికి కాలినడకన పోయేవాళ్ళు మన రోడ్డు వెంట వేలల్లో పోతారు. ఎదురుగా నల్లమల. ఇంత గాలి, ఇంత చెట్టు ఉన్న చోటు జిల్లాలో ఇంకెక్కడుంది? అయినా అదే రోడ్డు పక్కన ఇళ్ళలో, నాలుగు మెట్ల లోపల ఉన్న మనిషి ఆ రోడ్డును ఏడాదిగా చూడలేదు. అతనికి నల్లమల అక్కర్లేదు. అరుగు చాలు.

మరి అరుగు దాకా ఎందుకు రావడం లేదు? నేను చాలా ఇళ్ళు తిరిగాను. జబ్బు వల్ల రాలేనివాళ్ళు కొందరే. మిగిలినవాళ్ళకు అడ్డం గడప, మెట్లు, సిగ్గు, పట్టుకునే మనిషి లేకపోవడం.

ముందు గడప సంగతి. మనకు ఇంటి గడప అంటే గౌరవం. పసుపు రాసుకునేవాళ్ళు రాస్తారు, మనం ప్రార్థన చేసి గృహప్రవేశం చేస్తాము. గడప తీసేయమని నేను చెప్పను. దానికి లోపల ఒక వాలు, బయట ఒక వాలు పెట్టండి. లెక్క చాలా సులువు. ఒక అంగుళం ఎత్తుకు ఒక అడుగు పొడవు. గడప నాలుగంగుళాలుంటే వాలు నాలుగు అడుగులు. ఏడు అంగుళాల మెట్టు ఒకటే ఉంటే ఏడు అడుగులు. మూడు మెట్లుంటే ఇరవై ఒక్క అడుగులు కావాలి. మన బజార్లలో అంత చోటు ఉండదు, కాబట్టి గోడ వెంబడి తిప్పి కట్టించుకోవాలి. వెడల్పు మూడు అడుగులకు తగ్గకూడదు. రెండు అంచులకూ ఇటుక నిలబెట్టి చిన్న గట్టు పెడితే చక్రం జారిపోదు. బేల్దారి మేస్త్రిని పిలిస్తే ఒక పూట పని. డబ్బు లేకపోతే గరుసు మట్టి పోసి, నీళ్ళు చల్లి, దిమ్మిసతో కొట్టినా కొన్ని నెలలు నిలుస్తుంది. నున్నటి నాపరాళ్ళు మాత్రం పరవవద్దు. వానకు జారి మీరూ పడతారు, రోగీ పడతాడు.

చోటు లేక వాలు నిటారుగా వస్తే, మీ బలం మీద ఆధారపడాలి. చక్రాల కుర్చీని ఎక్కించేటప్పుడు వెనక నిలబడి ముందుకు నెట్టండి. దించేటప్పుడు కుర్చీని వెనక్కి తిప్పి, మీరు ముందు కిందికి దిగుతూ, కుర్చీని మీ వైపుకు మెల్లగా రానివ్వండి. చాలామంది ముఖం ముందుకు పెట్టి దించుతారు. రోగి ముందుకు తూలి పడేది అప్పుడే.

కుర్చీ కొనే ముందు తలుపు వెడల్పు కొలవండి. పెద్దవాళ్ళ కుర్చీ చాలావరకు రెండు అడుగులు దాటి ఉంటుంది, చేతులకు ఇంకొంత జాగా కావాలి. కుర్చీ ఇంటికి తెచ్చిన తరువాత తలుపులో పట్టలేదని దాన్ని బట్టలు ఆరేసుకోవడానికి వాడుతున్న ఇల్లు నేను చూశాను.

కుర్చీ లేదు, కొనలేము అంటారా? మంచమే మోయండి. మార్కు సువార్త రెండో అధ్యాయంలో పక్షవాయువు గలవానిని నలుగురు మనుషులు పరుపు మీద మోసుకొచ్చిన సంగతి మీరు చాలాసార్లు విన్నారు. ద్వారం దగ్గర జనం వల్ల లోపలికి పోలేక, ఇంటి కప్పు విప్పి ప్రభువు ముందు దించారు. పాదిరిగారు విశ్వాసం గురించి చెప్తారు, అది సరైనదే. నేను నర్సును కదా, నాకు ఆ నలుగురు కనిపిస్తారు. ఒక్కడు మోయలేడు, నలుగురు కావాలని ముందే అనుకుని వచ్చారు. దారి లేకపోతే దారి చేసుకున్నారు. మీ ఇంట్లో నలుగురు లేకపోతే పక్కింటివాళ్ళను అడగండి. పొద్దున పనికి పోయే ముందు రెండు నిమిషాలు, సాయంత్రం వచ్చాక రెండు నిమిషాలు. నులక మంచం తేలిక, ఇద్దరు మగవాళ్ళయినా మోస్తారు. అడగడానికి మొహమాటపడి మనిషిని లోపలే ఉంచేస్తున్నాము. అడిగితే కాదన్నవాళ్ళను నేను ఎక్కువమందిని చూడలేదు.

ఎత్తేటప్పుడు ఒక జాగ్రత్త. పడిపోయిన చెయ్యిని పట్టి లాగవద్దు. ఆ భుజంలో పట్టు ఉండదు, కీలు జారిపోతుంది, తరువాత నెలల తరబడి నొప్పి. నడుము చుట్టూ పాత పంచెనో తువ్వాలునో గట్టిగా చుట్టి దాన్ని పట్టుకోండి. మీరు మోకాళ్ళు వంచి, మనిషిని మీ ఒంటికి దగ్గరగా పట్టుకుని లేపండి. నడుము వంచి లేపితే రేపు ఆ పక్క మంచంలో మీరుంటారు.

ఇక సిగ్గు. ఇది గడప కంటే ఎత్తు. "మా నాయన ఎట్లాంటి మనిషి, ఇట్లా నోరు వంకరపోయి బజార్లో కూర్చుంటే జనం ఏమనుకుంటారు?" అని ఒక కొడుకు నన్ను అడిగాడు. ఆయనను అడిగారా అన్నాను. అడగలేదు. అడిగితే, రచ్చబండ దగ్గరికి తీసుకుపొమ్మన్నాడు ఆ పెద్దాయన. ఆడవాళ్ళ సంగతి వేరు. నైటీలో, జుట్టు తీయించుకుని, మగవాళ్ళ ముందు కూర్చోవడానికి వాళ్ళు ఒప్పుకోరు. ఒప్పించవద్దు కూడా. పెరట్లో తడిక కట్టండి, లేదా రెండు గుంజలకు పాత చీర కట్టండి. మీద ఆకాశం, ఎదురుగా రెండు చెట్లు కనపడితే చాలు. ఎదుగుదల లేని పిల్లలను దిష్టి తగులుతుందనో, పెద్దపిల్ల పెండ్లికి అడ్డం వస్తుందనో దాచిపెట్టే ఇళ్ళు కూడా ఉన్నాయి. ఆ బిడ్డ కూడా వీధిలో పిల్లలు ఆడుతుంటే చూసి నవ్వాలి కదమ్మా. ఇట్లాంటి పిల్లల కోసం మండల కేంద్రాల్లో ప్రభుత్వ భవిత కేంద్రాలున్నాయి, అక్కడ వ్యాయామాలు నేర్పుతారు, బడిలో అడిగితే చెప్తారు.

ఈమధ్య ఇంకొక భయం వింటున్నాను. బయట కూర్చోబెడితే, మనిషి బాగానే ఉన్నాడు కదా అని పెన్షన్ తీసేస్తారేమోనని. 2024 జూలై నుంచి మన రాష్ట్రంలో వికలాంగుల పెన్షన్ నెలకు 6,000 రూపాయలు, పక్షవాతంతో పూర్తిగా మంచానికో చక్రాల కుర్చీకో పరిమితమైనవారికి 15,000 రూపాయలు ఇస్తున్నారు. ఆ డబ్బు మీద ఇల్లు నడుస్తున్నప్పుడు భయం ఉండడం సహజం. కానీ పెన్షన్ డాక్టర్ల ధ్రువపత్రాన్ని బట్టి ఉంటుంది, అరుగు మీద కూర్చున్నదాన్ని బట్టి కాదు. పెన్షన్ కోసం మనిషిని చీకట్లో ఉంచడం ఆ పెన్షన్ ఎవరి కోసం ఇస్తున్నారో మరిచిపోవడమే.

మన పశ్చిమ ప్రకాశంలో ఇంకొక కారణం కూడా ఉంది, ఫ్లోరిన్ నీళ్ళు. 1937లో షార్ట్, పండిట్, రాఘవాచారి అనే పరిశోధకులు అప్పటి నెల్లూరు జిల్లా పల్లెల్లో ఈ జబ్బును గుర్తించి వైద్య పత్రికలో రాశారు. పొదిలి, దర్శి, కనిగిరి అప్పుడు ఆ జిల్లాలోనివే. ఎముకలు గట్టిపడి, వెన్నుపూస వంగక, మోకాళ్ళు బిగిసినవాళ్ళు మన ఊళ్ళలో అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉన్నారు. మెడ తిప్పలేని మనిషి రోడ్డు మీదికి రావడానికి భయపడతాడు, వెనక వచ్చే మోటారుసైకిలు కనపడదు. ఇట్లాంటివారికి చేతికర్ర ఇచ్చి, పక్కన ఒకరు నడవండి. వాళ్ళను బలవంతంగా వంచి, లాగి, తైలాలతో సరిచేస్తామనేవాళ్ళ దగ్గరికి తీసుకుపోవద్దు. గట్టిపడిన ఎముక లాగితే విరుగుతుంది. నీళ్ళు కాచినంత మాత్రాన ఫ్లోరిన్ పోదు. కాచితే నీళ్ళు తగ్గి, ఉన్న నీళ్ళలో ఇంకా చిక్కబడుతుంది. శుద్ధి చేసిన నీళ్ళే తాగించండి.

ఇక ఎప్పుడు, ఎంతసేపు అన్నది చెప్తాను. నెలల తరబడి పడుకున్న మనిషిని ఒక్కసారి లేపి కూర్చోబెడితే కళ్ళు తిరిగి పడిపోతాడు. మొదట తలవైపు దిండ్లు పెట్టి ఎత్తండి. రెండో రోజు మంచం అంచున కాళ్ళు కిందికి వేలాడేటట్టు అయిదు నిమిషాలు కూర్చోబెట్టి, మీరు ఎదురుగా ఉండండి. కళ్ళు తిరుగుతున్నాయంటే పడుకోబెట్టండి, మరుసటి రోజు మళ్ళీ. అది నిలబడిన తరువాత వసారా, పది నిమిషాలు. ఆ తరువాత రోజుకు అయిదు నిమిషాలు పెంచుకుంటూ పోండి. మూత్రం గొట్టం ఉంటే సంచి ఎప్పుడూ నడుముకు కిందనే ఉండాలి, ఒళ్ళో పెట్టవద్దు. కుర్చీలో కూర్చున్న మనిషిని కూడా మధ్య మధ్యలో కొంచెం ఎత్తి బరువు మార్చండి. కుర్చీలో పుండు పడదని ఎవరు చెప్పారో గానీ, పడుతుంది.

ఎండ గురించి రెండు మాటలు. పొద్దున్నే ఏడు గంటల లేత ఎండలో డి విటమిన్ బాగా తయారవుతుందని చాలామంది నమ్మకం. అది సరికాదు. సూర్యుడు కొంచెం పైకి వచ్చిన తరువాతే చర్మం దాన్ని బాగా తయారుచేస్తుంది. కాబట్టి కార్తీకం నుంచి మాఘం దాకా, చలికాలంలో, పది పదకొండు గంటల ఎండపొడలో చేతులు కాళ్ళు తగిలేటట్టు ఒక పావుగంట కూర్చోబెట్టండి. కానీ మన వేసవి మీకు తెలుసు. మార్చి దాటిందంటే ఆ టైములో రోగిని ఎండలో పెట్టడం ప్రమాదం. అప్పుడు పొద్దున ఎనిమిదిలోపు, సాయంత్రం పొద్దు వాలిన తరువాత మాత్రమే, నీడలో. అప్పుడు వచ్చేది డి విటమిన్ కాదు, గాలి, వెలుతురు, నలుగురి మాట. అవి తక్కువా? విటమిన్ తక్కువగా ఉంటే డాక్టరు గారు మాత్ర ఇస్తారు. పలకరింపుకు మాత్ర లేదు.

స్పర్శ లేని కాళ్ళను మరీ జాగ్రత్తగా చూడండి. సుగరు వల్ల గానీ, వెన్నుపూస దెబ్బ వల్ల గానీ, కుష్ఠు వల్ల గానీ స్పర్శ పోయినవారికి కాలే బండ మీద పాదం పెట్టినా తెలియదు. ఎండలో ఉంచిన కుర్చీ ఇనుము తగిలి తొడ బొబ్బలెక్కిన మనిషికి నేను కట్టు కట్టాను. ముందు మీ అరచెయ్యి పెట్టి చూసి, తరువాత కూర్చోబెట్టండి. చెప్పులు లేకుండా బయటికి తీసుకురావద్దు. ఇంట్లోకి వచ్చాక రెండు పాదాలు, వేళ్ళ సందులు చూడండి. మజ్జిగ, నీళ్ళు దగ్గర పెట్టుకోండి. కిడ్నీ, గుండె జబ్బు ఉన్నవారికి మాత్రం డాక్టరు చెప్పిన కొలత దాటవద్దు. ఒళ్ళు కాలిపోతూ, మాట తడబడి, మత్తుగా ఉంటే అది వడదెబ్బ. నీడకు చేర్చి, తడిగుడ్డతో ఒళ్ళంతా తుడుస్తూ, గాలి విసురుతూ 108కి ఫోను చేయండి.

కొందరిని మాత్రం డాక్టరును అడగకుండా కదిలించకూడదు. వెన్నుకు, తుంటికి దెబ్బ తగిలి కొత్తగా వచ్చినవారు, ఛాతీలో నొప్పి ఉన్నవారు, పడుకున్నా ఆయాసం తగ్గనివారు, ఒక్క కాలే వాచి నొప్పిగా ఉన్నవారు. పలకల గనుల్లో, మిల్లుల్లో పనిచేసి దుమ్ము వల్ల ఊపిరి పాడైనవాళ్ళు మార్కాపురం వైపు చాలామంది ఉన్నారు. వాళ్ళు నడవవచ్చు, కానీ మాట్లాడుతూ నడవగలిగినంత వేగమే. మాట తెగిపోతుంటే ఆగి కూర్చోవాలి. రోడ్డు మీద లారీల దుమ్ము లేచే వేళ వద్దు.

ఇంకొక మనిషిని మీకు పరిచయం చేయాలి. వేలూరు ఆస్పత్రికి మన వైపు నుంచి ఎంతోమంది పోతారు. అక్కడ డాక్టరు మేరీ వర్గీస్ అని ఉండేవారు. 1954లో కారు ప్రమాదంలో ఆమె వెన్ను దెబ్బతిని రెండు కాళ్ళూ పడిపోయాయి. అప్పటికి ఆమె చిన్న వయసు డాక్టరు. చక్రాల కుర్చీలో కూర్చుని కుష్ఠురోగుల చేతులకు ఆపరేషన్లు చేశారు. విదేశాల్లో శిక్షణ పొంది వచ్చి, 1966లో వేలూరులో నడవలేనివారికి తిరిగి బతకడం నేర్పే కేంద్రాన్ని మొదలుపెట్టారు. 1972లో పద్మశ్రీ వచ్చింది. ఆమె కాళ్ళు ఎప్పటికీ రాలేదు. మనం "కాళ్ళు వస్తే బయటికి తీసుకుపోదాము" అని ఎదురుచూస్తూ ఉంటాము. ఆమె కాళ్ళ కోసం ఆగలేదు, ఆమె చుట్టూ ఉన్నవాళ్ళు ఆగనివ్వలేదు.

నేను మొదట చెప్పిన అమ్మ సంగతి ముగిస్తాను. ఆ రోజే ఆమె మంచాన్ని వాకిట్లోకి తెప్పించాను. పుండుకు మూడు నెలలు కట్టు కట్టాము, మానింది. మోకాళ్ళు మాత్రం తిరిగి చాపలేదు, ఆలస్యమైపోయింది. రెండేళ్ళు బతికింది. ఆ రెండేళ్ళూ పొద్దున, సాయంత్రం వేపచెట్టు కిందనే. కోళ్ళను అదిలించేది, మనవడికి లెక్కలు చెప్పేది, దారిన పోయేవాళ్ళను పేరు పెట్టి పిలిచి తగువులాడేది కూడా. నన్ను చూసినప్పుడల్లా ఆ కోడలు ఒక్క మాట కూడా నిష్ఠూరంగా అనలేదు. అనివుంటే నాకు కొంచెం తేలికగా ఉండేది.

ఆ కోడలు లాంటివాళ్ళు ఇక్కడ చాలామంది కూర్చున్నారు. మీకూ గాలి కావాలి. రోగిని వాకిట్లో కూర్చోబెట్టినప్పుడు పక్కింటామెను కాసేపు చూడమని చెప్పి మీరు అట్లా బజారు చివరిదాకా నడిచి రండి. అది తప్పు కాదు, స్వార్థం కాదు.

రేపు క్యారియరు తెచ్చేటప్పుడు ఒక తాడు తీసుకుని మీ ఇంటి గడప ఎత్తుకు ఒక ముడి, తలుపు వెడల్పుకు ఒక ముడి, మెట్లన్నీ కలిపి ఎత్తుకు ఒక ముడి వేసుకుని రండి. ఏ ముడి దేనిదో గుర్తుపెట్టుకోండి. డ్రెస్సింగ్ రూము పక్కన నేనుంటాను. వాలు ఎంత పొడవు కావాలో, మీ తలుపులో ఏ కుర్చీ పడుతుందో లెక్క వేసి చీటీ రాసిస్తాను. డిశ్చార్జికి ముందే అది మేస్త్రి చేతికి ఇవ్వండి, మనిషి ఇంటికి వచ్చేసరికి సిమెంటు ఆరి ఉంటుంది.